మార్కు మాస్టారిది, గడువు విద్యార్థిది

(గాడిచర్ల హరిసర్వోత్తమరావు స్మారకోపన్యాసం, నంద్యాల)



ఎవరి స్మృతిలో ఇక్కడ కూడామో ఆ మహనీయుడి విద్యార్థి జీవితంలోని ఒక్క ఘట్టంతో మొదలుపెడతాను. గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారు 1883లో కర్నూలులో పుట్టారు. ఆయన చిన్నప్పటి చదువు కొంతకాలం మన నంద్యాలలోనే సాగింది. మద్రాసులో ఎం.ఏ. పూర్తిచేసి, మాస్టారు కావాలని రాజమహేంద్రవరం ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో చేరారు. 1907 ఏప్రిల్‌లో బిపిన్ చంద్ర పాల్ ఆ ఊరికి వచ్చి ఉపన్యాసాలిచ్చారు. విద్యార్థులు వందేమాతరం బ్యాడ్జీలు పెట్టుకుని తరగతులకు వెళ్లారు. ప్రిన్సిపాల్ మార్క్ హంటర్ దాన్ని సహించలేదు. విద్యార్థులకు ముందు నిలిచిన గాడిచర్లను కళాశాల నుంచి వెళ్లగొట్టారు, సర్కారు ఉద్యోగానికి పనికిరాడన్నారు. మరుసటి ఏడు ‘స్వరాజ్య’ పత్రికలో వచ్చిన రాతకు ఆయన జైలు పాలయ్యారు. బయటికొచ్చాక పత్రికలు నడిపారు, గ్రంథాలయోద్యమాన్ని భుజాన మోశారు, పెద్దవాళ్లకు అక్షరాలు నేర్పించడానికి ఊరూరా తిరిగారు. నంద్యాల నుంచి మద్రాసు శాసనసభకు కూడా ఎన్నికయ్యారు.

ఒక అధికారి కలంపోటుకు ఒక విద్యార్థి చదువు ఆగిపోవడం అంటే ఏమిటో తెలిసిన మనిషి ఆయన. అందుకే ఈ వేదిక మీద విద్యార్థి మాటే మాట్లాడాలనుకున్నాను. ఈ రోజుల్లో కలంపోటు అంత పైకి కనబడదు. కలం కదలదు, అంతే. ఫైలు మీద పడాల్సిన సంతకం నెలల తరబడి పడదు. పిల్లవాడు పాసయ్యాడో ఫెయిలయ్యాడో ఎవరూ చెప్పరు. పునర్మూల్యాంకనానికి, మనందరి నోటా నలిగిన మాటలో రీవాల్యుయేషన్‌కు, డబ్బు కట్టి ఎదురుచూసే విద్యార్థి సంగతి ఇది. ఆ ఎదురుచూపుకు చట్టంలో ఏ దారి ఉంది, ఏ దారి లేదు అన్నదే నా ఉపన్యాస విషయం.

ఒక రశీదు

ముప్ఫై ఏళ్లు డిగ్రీ కాలేజీల్లో పాఠం చెప్పి రిటైరయ్యాను. ఆ తర్వాత నా ఇంటి వరండా అర్జీలు రాసే చోటైంది. కొన్నేళ్ల కిందట ఒక సాయంత్రం ఆళ్లగడ్డ నుంచి ఒక తండ్రీ కొడుకూ వచ్చారు. తండ్రి శిల్పి. ఆళ్లగడ్డ రాతి శిల్పాలకు భౌగోళిక గుర్తింపు ఉందని మీకు తెలుసు. ఆ ఊళ్లో రోడ్డు పక్క షెడ్డుల్లో ఉలి చప్పుడు వినబడని పూట ఉండదు. కొడుకు బి.కాం. అయిదో సెమిస్టర్లో ఒక్క పేపరు పోయింది. బాగా రాశానని వాడి నమ్మకం. రీవాల్యుయేషన్‌కు డబ్బు కట్టాడు.

జేబులోంచి రశీదు తీసి నా చేతికిచ్చాడు. మడతల దగ్గర చిరిగిపోతే టేపు అంటించుకున్నాడు. దాని మీద హాల్‌టికెట్ నంబరు ఉంది, సబ్జెక్టు కోడు ఉంది, కట్టిన సొమ్ము ఉంది, కట్టిన తేదీ ఉంది. ముందూ వెనకా తిప్పి చూశాను. లేనిది ఒక్కటే: ఎప్పటికల్లా ఫలితం చెబుతారన్నది.

మీసేవలో ఆదాయ ధ్రువపత్రానికి అర్జీ పెట్టుకుంటే ఎన్నాళ్లలో ఇవ్వాలో గడువుంటుంది. కరెంటు మీటరుకు డబ్బు కడితే గడువుంటుంది. ఒక మనిషి చదువును అటో ఇటో తేల్చే కాగితం మీద మాత్రం ఆ తేదీ లేదు.

ఆ పిల్లవాడికి ఏం జరిగిందో చెబుతాను. రీవాల్యుయేషన్ ఫలితం రాకముందే సప్లిమెంటరీ పరీక్షకు ఫీజు కట్టే ఆఖరు తేదీ వచ్చింది. పాసయ్యానో లేదో తెలియదు కాబట్టి మళ్లీ డబ్బు కట్టాడు. మళ్లీ చదివాడు. మళ్లీ రాశాడు. ఈలోగా పీజీ ప్రవేశాల కౌన్సెలింగ్ మొదలై ముగిసిపోయింది. అన్నీ అయ్యాక ఫలితం వచ్చింది. మొదటి పరీక్షలోనే పాసయ్యాడు. మొదటిసారే సరిగా కూడి ఉంటే వాడు ఆ ఏడాది ఎం.కాం. తరగతిలో ఉండేవాడు. వాడు ఆ ఏడాదంతా తండ్రి షెడ్డులో రాళ్లకు నీళ్లు చల్లుతూ గడిపాడు.

ఆ మొదటి సాయంత్రం తండ్రి అన్న మాట నాకు ఇప్పటికీ చెవిలో ఉంది. “పాసయితే పాసని చెప్పమనండి సార్, పోతే పోయిందని చెప్పమనండి. వాడు ఇంకో దోవ చూసుకుంటాడు. ఏదో ఒకటి తేల్చమనండి.”

తేల్చమనండి. చట్టం చదివిన వాళ్లు పుటలు పుటలు రాసేదాన్ని ఆయన ఒక్క మాటలో చెప్పాడు. ఆయన మార్కులు వేయమనలేదు, దయ చూపమనలేదు. తేల్చమన్నాడు.

తప్పు ఎక్కడ జరుగుతుంది, ఆలస్యం ఎక్కడ పుడుతుంది

మూల్యాంకన శిబిరం లోపల ఏం జరుగుతుందో విద్యార్థులకు తెలియాలి. నేను ఎన్నో వేసవులు ఆ బల్లల దగ్గర గడిపాను. పేరు, నంబరు కనబడకుండా కోడు వేసిన జవాబు పత్రాలు కట్టలు కట్టలుగా వస్తాయి. మన డిగ్రీలో పేపరు 75 మార్కులకు ఉంటే, అయిదేసి మార్కుల చిన్న ప్రశ్నలు అయిదు, పదేసి మార్కుల వ్యాసాలు అయిదు. లోపలి పేజీల్లో వేసిన ప్రతి మార్కునూ పై పేజీలోని గడుల్లోకి ఎక్కించాలి, కూడాలి, సంతకం పెట్టాలి. పక్క బల్ల మీద స్క్రూటినీ చేసేవారు మళ్లీ కూడి చూడాలి.

ఒకసారి నేనే స్క్రూటినీలో కూర్చున్నాను. మధ్యాహ్నం భోజనాలయ్యాక వచ్చిన కట్ట అది. ఒక పత్రంలో మొత్తం 24 అని ఉంది. ఆ పేపరుకు 30 వస్తే పాసు. అలవాటుగా ఆఖరి పేజీ దాకా తిప్పాను. ఒక వ్యాసం అయ్యాక పిల్లవాడు రెండు పేజీలు ఖాళీ వదిలి, ఆ తర్వాత ఇంకో వ్యాసం రాశాడు. దిద్దిన మాస్టారు ఖాళీ పేజీ చూసి అక్కడితో అయిపోయిందనుకున్నారు. వెనక్కి పంపితే ఆయన నొచ్చుకుంటూనే చదివి 8 మార్కులు వేశారు. 24, 8 కలిస్తే 32. రెండు ఖాళీ పేజీల అవతల ఒక మనిషి పాసయి కూర్చున్నాడు. నేను ఆ రోజు పేజీలు తిప్పకపోయి ఉంటే ఆ పత్రం అలాగే కోడు విప్పుకుని ఫెయిలు జాబితాలో చేరేది. అలా తిప్పకుండా వదిలిన పత్రాలు నా చేతుల మీదుగా ఎన్ని పోయాయో నాకు తెలియదు. ఆ ఆలోచన ఈ వయసులోనూ నన్ను వదలదు.

కాబట్టి నేను మాస్టర్ల మీద నేరం మోపడానికి రాలేదు. రోజుకు పదుల పత్రాలు దిద్దే చేయి పొరపాటు చేస్తుంది. పొరపాటు జరుగుతుందని తెలుసు కాబట్టే రీకౌంటింగ్, రీవాల్యుయేషన్ అని రెండు వ్యవస్థలు పెట్టారు. రీకౌంటింగ్‌లో కూడిక మాత్రమే చూస్తారు. రీవాల్యుయేషన్‌లో వేరే మాస్టారు మొత్తం మళ్లీ దిద్దుతారు. మొదటి మార్కుకూ రెండో మార్కుకూ తేడా మరీ ఎక్కువైతే మూడో మనిషికి పంపుతారు. వ్యవస్థలో లోపం లేదు, దానికి గడియారమే లేదు.

ఆలస్యం ఎక్కడ పుడుతుందో చూడండి. విద్యార్థి కాలేజీలో డబ్బు కడతాడు. కాలేజీ అందరి దరఖాస్తులూ పోగుచేసి విశ్వవిద్యాలయానికి పంపాలి. అక్కడ ఆ నంబర్ల కోడులు వెతికి, గదుల్లో పేర్చిన కట్టల్లోంచి ఒక్కొక్క పత్రాన్ని బయటికి లాగాలి. దిద్దడానికి మొదటిసారి దిద్దనివాళ్లను పిలవాలి. అధ్యాపకుల ఖాళీలు నిండని చోట ఆ సబ్జెక్టుకు మనిషి దొరకడమే కష్టం. 2015-16లో డిగ్రీకి సెమిస్టర్ పద్ధతి వచ్చాక ఏడాదికొక పరీక్ష పోయి రెండు వచ్చాయి. సప్లిమెంటరీలతో కలిపితే పరీక్షల విభాగానికి ఊపిరి సలపదు. వాళ్ల కష్టం నిజమే. కానీ ఆ కష్టమంతా చివరికి చేరేది ఒక్క చోటికే, విద్యార్థి వయసులోకి. ఆఫీసులో ఫైలు ఆరు నెలలు ఆగితే ఆఫీసుకు వయసు పెరగదు.

కోర్టు దేన్ని ముట్టుకోదు, దేన్ని ముట్టుకుంటుంది

ఇక చట్టం సంగతి. ‘కోర్టుకు పోతే మార్కులు కలుపుతారా సార్?’ అని పిల్లలు అడుగుతుంటారు. కలపరు. ఈ మాట ముందే చెప్పడం నా బాధ్యత.

1984లో మహారాష్ట్ర బోర్డుకూ పరితోష్ భూపేశ్‌కుమార్ సేఠ్‌కూ మధ్య వచ్చిన కేసులో సుప్రీంకోర్టు ఒక గట్టి గీత గీసింది. నిబంధనల్లో లేని రీవాల్యుయేషన్‌ను విద్యార్థి హక్కుగా అడగలేడంది. పరీక్షకు ఎక్కడో ఒకచోట ముగింపు ఉండాలని, చదువు వ్యవహారం చదువు తెలిసినవాళ్లకు వదలాలని ఆ తీర్పు భావం. 2017 డిసెంబర్‌లో రణ్ విజయ్ సింగ్ కేసులో ఆ గీతనే మరింత స్పష్టం చేసింది. నిబంధన రీవాల్యుయేషన్‌ను అనుమతిస్తే సంస్థ చేయాలి. నిబంధన లేకపోతే, తప్పు కళ్లకు కట్టినట్టు కనబడే అరుదైన సందర్భంలోనే కోర్టు కలగజేసుకుంటుంది. న్యాయమూర్తి తానే పత్రం దిద్దడానికి కూర్చోకూడదు. సందేహముంటే ఆ సందేహపు లాభం పరీక్ష పెట్టిన సంస్థకే పోతుంది.

అయితే ఈ తీర్పుల్లోనే మనకు పనికొచ్చే మెలిక ఉంది. నిబంధన ఉంటే చేయాలి. మన విశ్వవిద్యాలయాల్లో నిబంధన ఉంది. నోటిఫికేషన్ ఇస్తున్నారు, ఫీజు వసూలు చేస్తున్నారు. డబ్బు తీసుకున్నాక ఆ పని సంస్థకు విధి అవుతుంది. విధిని నెరవేర్చని ప్రభుత్వ సంస్థను ‘నీ పని నువ్వు చెయ్యి’ అని ఆదేశించే అధికారం రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టుకు ఉంది. దాన్నే మాండమస్ రిట్ అంటారు. ఎన్ని మార్కులు వేయాలో కోర్టు చెప్పదు. ఫలానా రోజులోగా తేల్చమని చెప్పగలదు.

ఈ ఉపన్యాసంలో గుర్తుపెట్టుకోవాల్సింది ఇదొక్కటే: మార్కు మాస్టారిది, గడువు విద్యార్థిది. మార్కు అడుగుతూ కోర్టుకు వెళ్లినవాడు చాలాసార్లు వట్టి చేతులతో తిరిగొస్తాడు. గడువు అడుగుతూ వెళ్లినవాడి మాట నిలబడుతుంది. అర్జీలో ఏం అడుగుతున్నామన్నదే సగం గెలుపు.

మూసుకుపోయిన దారి ఒకటుంది, అదీ చెప్పాలి. డబ్బు కట్టాం కాబట్టి వినియోగదారుల కోర్టుకు పోదామని చాలామంది అనుకుంటారు. 2009లో బిహార్ పరీక్షల బోర్డు కేసులో, 2010లో మహర్షి దయానంద్ విశ్వవిద్యాలయం కేసులో సుప్రీంకోర్టు ఆ తలుపు మూసేసింది. పరీక్ష పెట్టడం వ్యాపార సేవ కాదు, విద్యార్థి వినియోగదారుడు కాడంది. ఆ దారిన పోయి ఏళ్లు పోగొట్టుకోవద్దు.

తెరుచుకున్న దారి ఒకటుంది. 2011 ఆగస్టు 9న ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో సుప్రీంకోర్టు దిద్దిన జవాబు పత్రం సమాచార హక్కు చట్టం కింద ‘సమాచారమే’ అని తేల్చింది. రాసినవాడు తన పత్రాన్ని చూడవచ్చు, నకలు తీసుకోవచ్చు. 1984లో మూసిన గదికి 2011లో కిటికీ తెరిచినట్టయింది. అయితే ఆ పత్రాలను నిబంధన ప్రకారం దాచి ఉంచే కాలం వరకే ఈ హక్కు. ఆ కాలం దాటితే పత్రాలను నాశనం చేస్తారు. ఆలస్యం విద్యార్థి ఏడాదితో పాటు వాడి సాక్ష్యాన్నీ తినేస్తుంది.

మన కళ్ల ముందు జరిగినవి

ఇదంతా ఒకరిద్దరి గొడవ అనుకునేవారికి 2019 ఏప్రిల్ గుర్తుచేస్తాను. తెలంగాణ ఇంటర్ ఫలితాలు ఏప్రిల్ 18న వచ్చాయి. తొమ్మిది లక్షలకు పైగా పిల్లలు రాసిన పరీక్షలో మూడు లక్షల పైచిలుకు మంది తప్పారు. పరీక్ష రాసినవాళ్లకు ఆబ్సెంట్ అని వచ్చింది. తెలుగులో సున్నా వచ్చిన ఒక అమ్మాయికి మళ్లీ చూస్తే 99 వచ్చాయి. ఇరవై మందికి పైగా పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. ఆ సంఖ్య పలకడానికి నోరు రాదు. ప్రభుత్వం త్రిసభ్య కమిటీ వేసింది. విషయం హైకోర్టుకు వెళ్లింది. తప్పిన పిల్లలందరి పత్రాలనూ ఫీజు లేకుండా మళ్లీ పరిశీలించారు. వెయ్యిమందికి పైగా పాసయ్యారు.

మూడు లక్షల్లో వెయ్యి ఎంతలే అని అప్పుడు కొందరన్నారు. ఆ వెయ్యిమందిలో ప్రతి ఒక్కరికీ తన పత్రం ఒక్కటే. నూటికి నూరు వంతుల తప్పు.

2025లో మన రాష్ట్రంలో పదో తరగతి పత్రాలను మళ్లీ పరిశీలిస్తే వేల పత్రాల్లో మార్కులు మారాయి, దిద్దినవారిలో కొందరిని సస్పెండ్ చేశారు. అదే ఏడు సెప్టెంబర్‌లో తెలంగాణ గ్రూప్-1 మెయిన్స్ పత్రాలను మళ్లీ దిద్దాలని హైకోర్టు ఏకసభ్య ధర్మాసనం తీర్పిచ్చింది, ఆ నెలలోనే డివిజన్ బెంచి దాన్ని నిలిపివేసింది. పదో తరగతి నుంచి గ్రూప్-1 దాకా అన్ని మెట్ల మీదా నడుస్తున్నది ఒకటే తగువు.

ముంబయి విశ్వవిద్యాలయం కథ మనకు మరీ దగ్గరిది. 2017లో అక్కడ పత్రాలను కంప్యూటర్ తెర మీద దిద్దించాలని హడావుడిగా నిర్ణయించారు. పదిహేడు లక్షల చిల్లర పత్రాలు, 477 పరీక్షలు. ఫలితాలు నెలల తరబడి రాలేదు. విదేశాల్లో సీట్లు వచ్చిన పిల్లలు మార్కుల జాబితా లేక నిలిచిపోయారు. న్యాయశాస్త్ర విద్యార్థులు బొంబాయి హైకోర్టు తలుపు తట్టారు. వాళ్ల చేతిలో ఒక ఆయుధం ఉంది. మహారాష్ట్ర విశ్వవిద్యాలయాల చట్టం 89వ సెక్షన్ ఫలితాలను ముప్ఫై రోజుల్లో ఇవ్వడానికి ప్రయత్నించాలని, ఎట్టి పరిస్థితిలోనూ 45 రోజులు దాటకూడదని అంటుంది. ఆ ఏడు అక్టోబర్‌లో వైస్ చాన్సలర్‌ను పదవి నుంచి తొలగించారు. తొలగించిన గవర్నరు, ఆ విశ్వవిద్యాలయం చాన్సలర్, మన తెలుగువారైన సి.హెచ్. విద్యాసాగర్‌రావు. 1857లో పుట్టిన ఆ విశ్వవిద్యాలయంలో అంతకుముందు అలా జరగలేదు. చట్టంలో రోజుల లెక్క రాసి ఉంటే ఎంత పెద్ద కుర్చీ అయినా జవాబు చెప్పాల్సి వస్తుందన్నది అక్కడి పాఠం.

అర్జీ నుంచి హైకోర్టు దాకా

ఇప్పుడు విద్యార్థులు కాగితం, కలం తీసుకోండి.

మొదటి మెట్టు, రాతపూర్వకమైన అర్జీ. ఫోన్లు, వాట్సాప్ మెసేజీలు చాలవు. పరీక్షల నియంత్రణాధికారి పేర రాయండి. దరఖాస్తు చేసిన తేదీ, రశీదు నంబరు, ఈ ఆలస్యం వల్ల పోబోతున్నది ఏమిటో రాయండి: పీజీసెట్ కౌన్సెలింగా, లాసెట్టా, ఉద్యోగమా, స్కాలర్‌షిప్పా. ఫలానా తేదీలోగా తేల్చమని అడగండి. నకలు మీద అందినట్టు సంతకం, ముద్ర వేయించుకోండి. రేపు మాండమస్ అడగాలంటే ‘ముందు సంస్థను అడిగావా?’ అన్నదే కోర్టు మొదటి ప్రశ్న.

రెండో మెట్టు, ఫిర్యాదుల కమిటీ. 2023 ఏప్రిల్‌లో యూజీసీ తెచ్చిన విద్యార్థి ఫిర్యాదుల పరిష్కార నిబంధనల ప్రకారం ప్రతి సంస్థలోనూ ఒక కమిటీ ఉండాలి. అందులో ఒక మహిళ ఉండాలి, ఎస్సీ, ఎస్టీ, బీసీ వర్గాల్లో ఒకరికైనా చోటుండాలి, విద్యార్థి ప్రతినిధి కూర్చోవాలి. విద్యా క్యాలెండర్ దాటి పరీక్షలూ ఫలితాలూ ఆలస్యం కావడం, మూల్యాంకనంలో పారదర్శకత లేకపోవడం ఆ నిబంధనల్లో ఫిర్యాదుకు కారణాలుగానే రాసి ఉన్నాయి. కమిటీ పదిహేను పనిదినాల్లో నివేదిక ఇవ్వాలి. తృప్తి లేకపోతే పదిహేను రోజుల్లో అంబుడ్స్‌పర్సన్‌కు అప్పీలు చేయవచ్చు, ఆయన ముప్ఫై రోజుల్లో తేల్చాలి. ఇక్కడా అదే జాగ్రత్త అవసరం. ‘నా పత్రం మళ్లీ దిద్దండి’ అంటే అంబుడ్స్‌పర్సన్ మామూలుగా తీసుకోరు, నిర్దిష్టమైన అక్రమమో వివక్షో చూపించాలి. ‘నా దరఖాస్తు గడువు దాటింది’ అనండి.

మూడో మెట్టు, సమాచార హక్కు. పది రూపాయల ఫీజుతో రెండు అడగండి: మీ జవాబు పత్రం నకలు, మీ రీవాల్యుయేషన్ దరఖాస్తు ఏ తేదీన ఎవరి బల్ల మీద ఉందో ఆ వివరం. ఈ రెండో ప్రశ్న బలం నేను చాలాసార్లు చూశాను. ఫైలు ఎవరి దగ్గర ఆగిందో రాసివ్వాల్సి వచ్చిన వారంలోనే ఫైలు నడక మొదలవుతుంది. ముప్ఫై రోజుల్లో జవాబివ్వాలి. ఇవ్వకపోతే మొదటి అప్పీలు, ఆపైన తొంభై రోజుల్లోపు సమాచార కమిషన్‌కు రెండో అప్పీలు. కారణం లేకుండా జాప్యం చేసిన అధికారికి రోజుకు 250 రూపాయల చొప్పున 25,000 దాకా జరిమానా పడవచ్చు.

నాలుగో మెట్టు, హైకోర్టు. లాయరుకు ఎక్కడి నుంచి తెస్తామని భయపడొద్దు. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం ఆడపిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు వారి ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది. మిగతావారికి ఆదాయ పరిమితి ఉంది. 15100 నంబరుకు ఫోన్ చేయండి. పదిమంది విద్యార్థులది ఒకే సమస్య అయితే కలిసి వెళ్లండి. కౌన్సెలింగ్ తేదీ ముంచుకొస్తుంటే, ఫలితం తేలేదాకా తాత్కాలికంగా ప్రవేశం ఇప్పించమని మధ్యంతర ఉత్తర్వు కూడా అడగవచ్చు. అలా అడగాలంటే ఆ తేదీకి ముందే వెళ్లాలి. గడువు దాటాక వచ్చే న్యాయం, పంట ఎండాక వచ్చే వాన.

వాన మాట ఎత్తాక మన సీమ మాట చెప్పక తప్పదు. 1928 నవంబర్‌లో ఈ నంద్యాలలోనే, దత్తమండలాల సభలో, చిలుకూరి నారాయణరావు గారి నోట ‘రాయలసీమ’ అన్న పేరు పలికింది. 1937 శ్రీబాగ్ ఒడంబడికలో రాజధానో హైకోర్టో సీమకు రావాలన్నారు. 1953లో రాజధాని కర్నూలుకు వచ్చింది, మూడేళ్లకు పోయింది. 2019 జనవరి 1 నుంచి మన హైకోర్టు అమరావతిలో ఉంది. కర్నూలులో హైకోర్టు బెంచి పెట్టాలని 2024 నవంబర్‌లో శాసనసభ తీర్మానించింది. ఆళ్లగడ్డ పిల్లవాడికి ఇది రాజకీయం కాదు. వాడి ఊరికి రైలు లేదు. నంద్యాలకు బస్సెక్కి రావాలి, ఇక్కడ గుంటూరు రైలెక్కి నల్లమల దాటాలి, అక్కడి నుంచి మళ్లీ బస్సు. ఒక వాయిదాకు రెండు రోజుల కూలి పోతుంది. దూరం కూడా ఆలస్యమే. బెంచి వస్తే ఆ ఆలస్యం కొంత తగ్గుతుంది. వచ్చేదాకా ఈ-ఫైలింగ్ ద్వారా కేసు వేసిపెట్టే కేంద్రం నంద్యాల కోర్టు ఆవరణలో విద్యార్థులకు అందుబాటులో ఉండాలని నా కోరిక.

సంస్థలు చేయాల్సింది

ఇంత చెప్పాక ఒక మాట. పంతొమ్మిదేళ్ల పిల్ల తన మార్కుల కోసం హైకోర్టు మెట్లు ఎక్కాల్సి రావడమే ఒక వైఫల్యం. గెలిచినా అది గెలుపు కాదు. కాబట్టి నా విన్నపం సగం విద్యార్థులకైతే, సగం విశ్వవిద్యాలయాలకు.

ఒకటి, రీవాల్యుయేషన్ ఫలితం రాకుండా సప్లిమెంటరీ ఫీజు ఆఖరు తేదీ ముగియకూడదు. ఈ ఒక్క నియమం పెడితే సగం కన్నీళ్లు ఆగుతాయి. తప్పనిసరై తేదీ ముందే పెడితే, రీవాల్యుయేషన్‌లో పాసైనవారి సప్లిమెంటరీ ఫీజు అడగకుండానే వెనక్కివ్వాలి.

రెండు, 1991 నాటి మన విశ్వవిద్యాలయాల చట్టం కింద, పునర్మూల్యాంకనం అని పేరు పెట్టి, రోజులు లెక్కపెట్టి, గడువును అక్షరాల్లో రాయాలి. మహారాష్ట్ర ఫలితాలకు రాసుకుంది, మనం రీవాల్యుయేషన్‌కూ రాసుకుందాం.

మూడు, చివరి సెమిస్టర్ పిల్లల పత్రాలు వేరే వరుసలో ముందు కదలాలి. ఆసుపత్రిలో అందరూ రోగులే అయినా ప్రాణం మీదికి వచ్చినవాణ్ణి ముందు చూస్తారు.

నాలుగు, మార్కులు మారిన ప్రతి పత్రం ఎందుకు మారిందో ఏడాదికొకసారి ప్రకటించాలి. కూడిక తప్పులెన్ని, దిద్దకుండా వదిలిన జవాబులెన్ని, అభిప్రాయ భేదాలెన్ని. శిక్షించడానికి కాదు, వచ్చే ఏడాది శిబిరంలో మాస్టర్లకు మొదటి గంటలో చూపించడానికి. ఖాళీ పేజీ దాటి తిప్పండని నాకు మొదటి వేసవిలోనే ఎవరైనా చెప్పి ఉంటే ఎంత బాగుండేదో.

ఆ శిల్పిని నేను తర్వాత ఒకసారి ఆళ్లగడ్డలో కలిశాను. నంది విగ్రహం చెక్కుతున్నాడు. మోకాళ్ల మీద కూర్చుని, ఎర్రరంగులో ముంచిన నూలుతాడు రాతి మీద బిగపట్టి, వేలితో మీటి గీత వేశాడు. మళ్లీ కొలిచాడు. మళ్లీ గీశాడు. ఉలి మాత్రం ఇంకా ముట్టుకోలేదు. ఎందుకు అన్నిసార్లు కొలుస్తావని అడిగాను. “రాతిలో ఒకసారి పోతే పోయినట్టే సార్, మళ్లీ అతకదు” అన్నాడు. కాసేపాగి తాడు చుట్టుకుంటూ అన్నాడు: “కాగితం మీద తప్పు దిద్దడానికి ఏముంది సార్, అంతకాలం పట్టింది?”

నా దగ్గర జవాబు లేకపోయింది. ఈ ఉపన్యాసం ఆ ప్రశ్నకు నేను ఆలస్యంగా వెతుక్కుంటున్న జవాబు. రాతిని దిద్దలేం. మార్కును దిద్దగలం. దిద్దగలిగీ దిద్దకుండా కూర్చోవడం పొరపాటు కిందికి రాదు, అది అన్యాయం.

గాడిచర్ల గారు కళాశాల గేటు బయట నిలబడిన రోజున ఆయనకు సమాచార హక్కు లేదు, 226వ అధికరణం లేదు, అంబుడ్స్‌పర్సన్ లేడు. అవన్నీ ఆ తరం జైళ్లకు వెళ్లి మనకు తెచ్చిపెట్టిన స్వాతంత్ర్యంలోంచి వచ్చినవే. వాటిని వాడుకోవడం గొడవ పెట్టుకోవడం కాదు, ఆయన వారసత్వాన్ని అందుకోవడం.

ఈసారి రీవాల్యుయేషన్‌కు డబ్బు కట్టినప్పుడు కౌంటరు ముందు నుంచి వెంటనే కదలకండి. రశీదు తిప్పి చూడండి. మర్యాదగా, గట్టిగా ఒక్క మాట అడగండి: “సార్, ఫలితం ఎప్పటికి వస్తుందో దీని మీద రాసివ్వండి.” మొదటివాణ్ణి కసురుకుంటారు. పదోవాడికి పై అధికారిని అడగమంటారు. వందోవాడు అడిగే రోజుకు ఆ తేదీ రశీదులోనే అచ్చై వస్తుంది.